పోస్టర్ మీద ముఖం, టైటిల్స్‌లో లేని పేరు

1942 నాటి హాలీవుడ్ సినిమా ‘కాసాబ్లాంకా’ చూసినవాళ్ళు ఈ ఘట్టాన్ని మరిచిపోరు. రిక్ నడిపే మద్యశాలను వెంటనే మూయించమని జర్మన్ మేజర్ హుకుం జారీ చేస్తాడు. మూయించాలంటే ఏదో ఒక సాకు కావాలి. పోలీసు కెప్టెన్ రెనో దొరికిన సాకు పట్టుకుని, ఇక్కడ జూదం నడుస్తోందని తెలిసి నిర్ఘాంతపోయానంటాడు. ఆ మాట పూర్తయీ కాకముందే జూదశాల ఉద్యోగి ఒకతను వచ్చి నోట్ల కట్ట కెప్టెన్ చేతిలో పెట్టి, మీరు గెలిచిన సొమ్మండీ అంటాడు. రెనో గొంతు తగ్గించి కృతజ్ఞతలు చెప్పి డబ్బు తీసుకుంటాడు. మళ్ళీ గొంతు పెంచి అందరినీ బయటికి పొమ్మంటాడు.

ఈ చమత్కారానికి వచ్చిన మెప్పంతా రెనో వేషం వేసిన క్లాడ్ రెయిన్స్‌కే దక్కింది. అది న్యాయమే. కానీ డబ్బు తెచ్చినవాడు కాస్త నవ్వినా, కన్ను గీటినా ఆ సన్నివేశం చప్పబడిపోయేది. అతను అవేవీ చెయ్యడు. రోజూ చేసే పనే కదా అన్నట్టు వస్తాడు, ఇస్తాడు, అంతే. కొన్ని క్షణాల పని. రూలెట్ చక్రం తిప్పి పందేలు లెక్క చూసే ఇలాంటి ఉద్యోగిని ఫ్రెంచిలో క్రూపియే అంటారు. ఈ క్రూపియే పేరు ఎమిల్. ఆ వేషం వేసిన నటుడి పేరు మార్సెల్ డాలియో. సినిమా టైటిల్స్‌లో ఆ పేరు లేదు.

దీనికి మూడేళ్ళ ముందు, 1939లో, పారిస్‌లో విడుదలైన ఒక సినిమాకు ఆయన మూలస్తంభాల్లో ఒకరు. సైట్ అండ్ సౌండ్ అనే బ్రిటిష్ సినిమా పత్రిక పదేళ్ళకోసారి విమర్శకుల చేత ఎంపిక చేయించే గొప్ప సినిమాల పట్టికలో, 1952 నుంచి 2012 దాకా ఒక్కసారి కూడా తప్పిపోకుండా మొదటి పదిలో నిలిచిన సినిమా అది. అందులో మార్కీగా, అంటే ప్రభువంశీకుడిగా, కోట యజమానిగా వేసిన మనిషి 1942లో పేరు కూడా వెయ్యని వేషానికి ఎలా వచ్చారు? యుద్ధం వల్ల అని ఒక్క ముక్కలో చెప్పవచ్చు. ఆ జవాబు తప్పు కాదు గాని, చాలదు.

డాలియో నటించిన చిత్రాల జాబితా ముందేసుకుంటే మొదట అయోమయమే మిగులుతుంది. పోలీసులకు కబుర్లు చేరవేసేవాడు, సంపన్న సైనికాధికారి, మార్కీ, క్రూపియే, మళ్ళీ క్రూపియే, హోటల్ యజమాని, ఫ్రాన్స్ ప్రధానమంత్రి, న్యాయమూర్తి, బారన్, హెడ్ వెయిటర్, క్రైస్తవ ఫాదరీ, వేశ్యావాటికలో ముసలాయన, యూదు మతగురువు. నాలుగు దశాబ్దాలు, వందకు పైగా చిత్రాలు, రెండు దేశాలు, ఒక టీవీ సీరియల్. చిల్లరకొట్టు చిట్టాలా కనిపించే ఈ వరసకు ఒక దారం ఉంది. ఆ దారం ఆయన నటనలో కన్నా ఆయన ముఖాన్ని ఎదుటివాళ్ళు చదువుకున్న తీరులో దొరుకుతుందని నా నమ్మకం.

ముందు మాటల చిక్కు విప్పుకోవాలి. మనకు క్యారెక్టర్ ఆర్టిస్ట్ అనే మాట ఒక్కటి చాలు. కథానాయకుడు కాదు, హాస్యనటుడు కాదు, తండ్రో మామయ్యో ఊరి పెద్దో అని వెంటనే అర్థమవుతుంది. ఫ్రెంచి వాళ్ళకు ఆ ఒక్క మాట లేదు, దాని చోట నాలుగైదు ఉన్నాయి. ‘స్గోఁ రోల్’ అంటే రెండో వరస పాత్ర, అది పాత్ర స్థాయి గురించి. ‘రోల్ ద కోంపొజిసియోఁ’ అంటే నటుడు తనకు ఏ పోలికా లేని మనిషిగా మారి వేసే వేషం, అది పనితనం గురించి. ‘త్రొవాజియెమ్ కుతో’ అంటే అక్షరాలా మూడో కత్తి. ప్రతినాయకుడి వెనకాల నిలబడే అనుచరుడు అన్నమాట, అందులో కాస్త వెటకారం ఉంది. వీటన్నిటికీ పెద్దన్న లాంటి పాత రంగస్థలపు మాట మరొకటుంది, ‘ఆంప్లొవా’. మామూలు ఫ్రెంచిలో దానికి ఉద్యోగం అని అర్థం. నాటక సమాజాలు నటుణ్ణి నాటకానికి కాక ఒక రకానికి కుదుర్చుకునేవి. యువ ప్రేమికుడు, పెద్దమనిషి తరహా తండ్రి, జిత్తులమారి సేవకుడు, ఇలా. ఒకసారి ఒక ఆంప్లొవాలో కుదురుకుంటే బతుకంతా అదే. మన సురభి వాళ్ళకూ, పరిషత్తు నాటకాల వాళ్ళకూ ఇది విడమరిచి చెప్పనక్కరలేదు.

ఆంప్లొవాను నిర్ణయించేది ముఖం, గొంతు, ఒడ్డూపొడుగూ. డాలియోది పొట్టి విగ్రహం, చురుకైన పెద్ద కళ్ళు, నల్లని జుట్టు, కుదురుగా ఉండని చేతులు. అసలు పేరు ఇజ్రాయెల్ మోషే బ్లౌషిల్డ్. రుమేనియా నుంచి వలస వచ్చిన యూదు దంపతులకు 1899 నవంబరు 23న పారిస్‌లో పుట్టారు. డ్రైఫస్ అనే యూదు సైనికాధికారికి రెండోసారి విచారణ జరిపి రెండోసారీ దోషిగా తేల్చి, ఆ పైన క్షమాభిక్ష పెట్టిన సంవత్సరం అది. ఫ్రాన్స్ దేశం రెండుగా చీలి యూదులు ఫ్రెంచివాళ్ళేనా అని కొట్టుకుంటున్న రోజులు. డాలియో పారిస్ కన్సర్వేటరీలో నటన నేర్చుకున్నారు, మొదటి ప్రపంచ యుద్ధంలో ఫ్రెంచి సైన్యంలో పనిచేశారు, 1920ల్లో నాటకాలూ, పాటలూ హాస్యాలూ కలిపిన రివ్యూ ప్రదర్శనలూ ఆడారు. మాట్లాడేది పారిస్ వీధుల్లో పెరిగిన ఫ్రెంచి. అయినా 1930ల ఫ్రెంచి సినిమా ఆయనకు ఇచ్చిన ఆంప్లొవా పరాయివాడు. ‘పెపె ల మోకో’లో అల్జీర్స్ పాతబస్తీ కస్బా సందుల్లో దొంగ ఆచూకీ అమ్ముకునే ఇన్‌ఫార్మర్. మరో చిత్రంలో ట్యునీషియా వీధుల్లో కథలు చెప్పుకు తిరిగే మాల్టీసు. ఊరు మారేది, వేషం మారేది, పరాయితనం మాత్రం మారేది కాదు. దీనికి ఫ్రెంచిలో అప్పట్లో ఒక తిట్టు ఉండేది, ‘మెతెక్’. ప్రాచీన గ్రీకు నగరాల్లో పౌరసత్వం లేకుండా కాపురముండే విదేశీయుడికి వాడిన మాట అది. ఇరవయ్యో శతాబ్దపు ఫ్రాన్స్‌లో మితవాద పత్రికలు దాన్ని బురదలా వాడుకున్నాయి.

దర్శకుడు జాఁ రెన్వా ఈ ఆంప్లొవాను రెండుసార్లు తిరగేశారు. డాలియో చరిత్రలో నిలిచింది ఆ రెండుసార్ల వల్లనే.

మొదటిది 1937 నాటి ‘లా గ్రాంద్ ఇల్యూజియోఁ’. మొదటి ప్రపంచ యుద్ధంలో జర్మన్ల చేతికి చిక్కిన ఫ్రెంచి సైనికాధికారుల కథ. అందులో రోజెంతాల్ అనే యూదు యువకుడు డాలియో. ఇంటి నుంచి తనకు వచ్చే తినుబండారాల పొట్లాలు తోటి ఖైదీలందరికీ పంచిపెడతాడు. తన గురించి తనే చెప్పుకుంటాడు: వియన్నాలో పుట్టాను, తల్లి డేన్మార్క్, తండ్రి పోలండ్, మేము ఫ్రెంచి పౌరసత్వం తీసుకున్నవాళ్ళం. తరతరాల ఫ్రెంచివాళ్ళకు గజం నేల లేకపోతే, మా కుటుంబం ముప్ఫై అయిదేళ్ళలో వేట అడవులతో, చెరువులతో, పూర్వీకుల చిత్రపటాలతో సహా మూడు చారిత్రక కోటలు కొంది అంటాడు. గొప్ప చెప్పుకుంటున్నాడా, తనను తానే ఎకసెక్కమాడుకుంటున్నాడా? డాలియో ఆ రెంటినీ విడదీయరు. నాకు ఆ సినిమాలో మరీ నచ్చేది తప్పించుకుని పారిపోతున్నప్పటి కొండ దారి. రోజెంతాల్ కాలు బెణికి నడవలేడు. తోడున్న మారెషాల్, అంటే ఆనాటి ఫ్రాన్స్ ఆరాధ్య నటుడు జాఁ గబాఁ, విసిగిపోయి, యూదులంటే నాకెప్పుడూ గిట్టదు అనేస్తాడు, వదిలేసి నాలుగడుగులు వేస్తాడు. రోజెంతాల్ బండ మీద కూర్చుని, ఏడుపునూ కోపాన్నీ దిగమింగుకుంటూ ఒక పిల్లల పాట గొంతెత్తి పాడతాడు. దూరమవుతున్న మారెషాల్ తెలియకుండానే ఆ పాట అందుకుంటాడు, తిరిగి వస్తాడు. చివర విడిపోయేటప్పుడు అదే తిట్టు మురిపెంగా మారి మారెషాల్ నోట వస్తుంది. అమెరికాలో ఆస్కార్ ఉత్తమ చిత్రం పోటీకి నామినేషన్ పొందిన తొలి విదేశీ భాషా చిత్రం ఇదే.

రెండోది 1939 నాటి ‘లా రెగ్ల్ ద్యు జూ’, ఆట నియమం అని అర్థం. రోజెంతాల్ గొప్పలు చెప్పుకున్న కోటలోకే డాలియో ఈసారి యజమానిగా వచ్చారు. రోబేర్ ద లా షెనే అనే మార్కీ. భార్య ఒకవైపు, ప్రియురాలు మరోవైపు, ఇద్దరినీ నొప్పించకూడదనే తాపత్రయం, మరబొమ్మలూ సంగీతపు పెట్టెలూ సేకరించే పిచ్చి. ఇందులో వంటింటి సన్నివేశం ఒకటుంది. నౌకర్లు భోంచేస్తూ, దొరగారి తల్లి వైపు తాత ఫ్రాంక్‌ఫర్ట్ నుంచి వచ్చిన రోజెంతాల్ అనేవాడట అని గుసగుసలాడుతుంటారు. రెండేళ్ళ ముందు అదే నటుడు వేసిన పాత్ర పేరు రెన్వా ఇక్కడ కావాలనే పెట్టారు. అప్పుడు పెద్ద వంటవాడు అడ్డుపడతాడు. బంగాళాదుంపల సలాడ్ గురించి దొరగారు నన్ను పిలిచి మందలించారు, దుంపలు పొగలు కక్కుతుండగానే వైన్ పొయ్యాలి, మావాడు చేతులు కాలుతాయని చల్లార్చాడు, ఆయన నోట్లో పెట్టుకోగానే పట్టేశారు, మెతెక్ అయితేనేమి, దొర అంటే అదీ అంటాడు. కులీనత అనేది పుట్టుకలో ఉందా నాలుక మీద ఉందా అనే పెద్ద ప్రశ్నను రెన్వా ఒక సలాడ్‌తో తేల్చేశారు.

ఆ పాత్రకు నన్నే ఎందుకు తీసుకున్నారని డాలియో చాలా ఏళ్ళ తరువాత రెన్వాను అడిగారు. మార్కీ అంటే జనం ఊహించుకునే రూపానికి నువ్వు ఆమడ దూరం, పైగా ఆ మనిషి లోపలుండే అభద్రత చూపించగలవాడివి నువ్వొక్కడివే అన్నది ఆయన చెప్పిన దాని సారాంశం. విందులో మార్కీ తాను కొత్తగా తెచ్చిన పెద్ద సంగీత యంత్రాన్ని అతిథుల ముందు ఆవిష్కరిస్తాడు. తెర తొలుగుతుంది, దీపాలు వెలుగుతాయి, బొమ్మలు గంటలు కొడతాయి. కెమెరా బొమ్మల మీదుగా జరిగి డాలియో ముఖం దగ్గర ఆగుతుంది. ఆయన ఒక్క మాట మాట్లాడరు. గర్వం, బెరుకు, నచ్చిందా అని అడిగే చూపు, చెమట, అన్నీ ఒకేసారి. ఆ షాట్ రెన్వాకు ఒక పట్టాన కుదరలేదు, మళ్ళీ మళ్ళీ తీశారు. తన జీవితంలో తీసిన షాట్లలో బహుశా అదే ఉత్తమమని తరువాత అన్నారు. పరాయివాడిగా ముద్రపడినవాడు ఈ ఇంటికి నేనే యజమానిని అని నిరూపించుకోవాల్సిన స్థితి ఎలా ఉంటుందో ఆ కొన్ని సెకన్లు చూస్తే తెలుస్తుంది.

1939 జూలై 7న పారిస్‌లో సినిమా విడుదలైంది. హాల్లో ఈలలు, కేకలు. ఒకాయన వార్తాపత్రికకు నిప్పంటించి హాలు తగలబెట్టబోయాడని రెన్వా తన జ్ఞాపకాల్లో రాసుకున్నారు. కోపానికి కారణాలు అనేకం గాని, ఒక యూదుడు ఫ్రెంచి ప్రభువు వేషం వెయ్యడమేమిటన్నది మితవాద పత్రికలకు కంట్లో నలుసైంది. రెన్వా కత్తిరించుకుంటూ పోయారు, ఫలితం లేకపోయింది. యుద్ధం మొదలయ్యాక జాతి మనోబలాన్ని దెబ్బతీస్తుందంటూ ప్రభుత్వం దాన్ని నిషేధించింది. నెగెటివ్ తరువాత బాంబు దాడిలో నాశనమైంది. 1959లో ఇద్దరు సినీ ప్రేమికులు దొరికిన ముక్కలన్నీ అతికి సినిమాను తిరిగి నిలబెట్టేదాకా, డాలియో చేసిన అతిపెద్ద పని ప్రపంచానికి సరిగా కనిపించనే లేదు. ఒక నటుడు నలభై ఏళ్ళ వయసులో చేసిన పనికి అరవై ఏళ్ళకు మెప్పు వస్తే, ఈ మధ్య ఇరవై ఏళ్ళలో నిర్మాతలు ఆయన్ని ఏమనుకుని పిలుస్తారు? జాబితాలోని అయోమయానికి ఇదొక కారణం. దీన్ని లెక్కలోకి తీసుకునేవాళ్ళు తక్కువ.

1940 జూన్‌లో జర్మన్ సైన్యం పారిస్‌కు చేరేలోగా డాలియో, ఆయన యువ భార్య, నటి మాడెలిన్ లెబో ఊరు విడిచారు. లిస్బన్ చేరి చిలీ వీసాల కోసం రెండు నెలలు కాచుకున్నారు. క్వాంజా అనే పోర్చుగీసు ఓడ ఎక్కి మెక్సికో చేరాక తెలిసింది, డబ్బు పోసి కొన్న ఆ వీసాలు నకిలీవని. దాదాపు రెండు వందల మంది తోటి ప్రయాణికులతో పాటు ఎటూ పోలేక చిక్కుకుపోయారు. చివరికి కెనడా తాత్కాలిక పాస్‌పోర్టులు సంపాదించి అమెరికాలో అడుగుపెట్టారు. లిస్బన్ చేరడానికి కాగితాల కోసం జనం అల్లాడే కథతో రెండేళ్ళకు ‘కాసాబ్లాంకా’ తీసినప్పుడు, ఆ దంపతులకు వేరే రిహార్సల్ అవసరపడి ఉండదు.

వదిలి వచ్చిన పారిస్‌లో ఆయన ముఖానికి నాజీలు కొత్త వేషం వేయించారు. డాలియో సినిమా ఫొటోలు తీసుకుని, యూదుడు ఇలా ఉంటాడు, గుర్తుపట్టండి అనే పోస్టర్లు అంటించారు. 1938 నాటి ఒక సినిమాలో ఆయన కనిపించే భాగాలు తీసేసి మరొకరితో మళ్ళీ చిత్రీకరించారు. కుటుంబంలో వాళ్ళు నాజీ శిబిరాల్లో చనిపోయారు. ఇక్కడ ఒక్క క్షణం ఆగాలి. క్యారెక్టర్ నటుడి పెట్టుబడే ముఖం. చూడగానే ఫలానా రకం మనిషి అని ప్రేక్షకుడికి తట్టాలి, అందుకే అతన్ని పిలుస్తారు. ఫొటో చూసి రకం కట్టే ఆ సినిమా అలవాటునే పోస్టర్ వేసినవాళ్ళు కూడా వాడుకున్నారు. రెన్వా రెండు సినిమాలు తీసి చెరిపెయ్యాలని చూసిన గీత అదే.

ఇదే కాలంలో ఇంకో ఫ్రెంచి క్యారెక్టర్ నటుడి కథ సరిగ్గా ఎదురు దిశలో నడిచింది. రొబేర్ ల విగాఁ కూడా రెన్వా సినిమాల్లో వేసినవాడే, పిచ్చివాళ్ళ పాత్రల్లో సాటిలేనివాడు. ఆక్రమణదారుల రేడియోలో యూదులపై విషం కక్కాడు. యుద్ధం ముగిశాక పదేళ్ళ కఠిన శిక్ష పడింది, తరువాత అర్జెంటీనా పారిపోయి 1972లో అక్కడే పోయాడు. ప్రతిభ విషయంలో ఇద్దరిలో ఎవరూ తీసిపోరు.

హాలీవుడ్‌లో డాలియోకు తొలి రోజుల్లో దొరికిన వేషాల్లో ఒకటి, 1941లో స్టెర్న్‌బర్గ్ తీసిన ‘ది షాంఘై జెస్చర్’లో రూలెట్ తిప్పే మనిషి. ఆ మరుసటి ఏడాది రిక్ దగ్గర మళ్ళీ అదే చక్రం. ఆంప్లొవా అమెరికాలో కూడా ఉంది, పేరు మారిందంతే. చక్రం దగ్గర ఒకసారి నప్పావంటే చక్రం దగ్గరికే పిలుస్తారు.

ఇప్పుడు టైటిల్స్ సంగతి. ‘కాసాబ్లాంకా’ మొదట్లో తెర మీద పడేవి పద్నాలుగు మంది నటుల పేర్లు. మాటలున్న పాత్రలు అంతకన్నా చాలా ఎక్కువ. ఆ రోజుల్లో ఎవరి పేరు వెయ్యాలన్నది స్టూడియో ఇష్టం, ఒప్పందం. ఈ రోజు మాదిరి కాఫీ ఇచ్చిన కుర్రాడి పేరు దాకా చివర చుట్టుకుంటూ పోయే జాబితా లేదు. రిక్ ప్రియురాలు ఇవోన్‌గా వేసిన మాడెలిన్ లెబో పేరు ఆ పద్నాలుగులో ఉంది. భర్త పేరు లేదు. ఫ్రెంచి జాతీయ గీతం మార్సెయేజ్ పాడే ఘట్టంలో ఆమె కళ్ళలో తిరిగే నీళ్ళు గ్లిజరిన్‌వి కావని అందరూ అంటారు, నేనూ నమ్ముతాను. చిత్రీకరణ సాగుతుండగానే డాలియో విడాకులకు దరఖాస్తు చేశారు. టైటిల్స్‌లో పేరున్న నటుల్లో అమెరికాలో పుట్టినవాళ్ళు ముగ్గురే, తక్కినవాళ్ళంతా వలస వచ్చినవాళ్ళూ పారిపోయి వచ్చినవాళ్ళూ. నాజీ మేజర్‌గా వేసిన కోన్రాడ్ ఫైట్ స్వయంగా నాజీలను తప్పించుకుని జర్మనీ వదిలినవాడు.

పేరు లేని ఆ పాత్రలో డాలియో ఏం చేశారో చూడండి. బల్గేరియా నుంచి వచ్చిన కొత్త జంటకు వీసా డబ్బు లేదు. రిక్ వచ్చి ఆ యువకుడితో 22 మీద కాయమంటాడు, అంటూ క్రూపియే వైపు ఒక చూపు చూస్తాడు. ఎమిల్ ముఖంలో ఏ కదలికా ఉండదు. బంతి 22లో పడుతుంది. అక్కడే ఉంచమంటాడు రిక్. మళ్ళీ 22. తరువాత రిక్ ఈ రాత్రి లాభమెంత అని అడిగితే, నేననుకున్నదానికి రెండు వేలు తక్కువ అని బదులు. యజమాని చేసిన పుణ్యానికి అతనొక్కడే సాక్షి, దాన్ని లెక్కల భాషలో తప్ప చెప్పడు. సంగీత యంత్రం పక్కన ముఖంతో అంత పలికించిన మనిషే ఇక్కడ ముఖంతో ఏమీ పలికించకపోవడాన్ని పనిగా పెట్టుకున్నారు. నా దృష్టిలో రెండూ ఒకే నటుడి ఒకే నేర్పు.

అసలు తమాషా ఇక్కడి నుంచి. ఫ్రాన్స్‌లో పరాయివాడి ఆంప్లొవాలో ఉన్న మనిషి అమెరికాకు వచ్చేసరికి నిఖార్సైన ఫ్రెంచివాడైపోయారు. హాలీవుడ్‌కు ఆయన ముక్కూ కళ్ళూ పట్టలేదు, ఇంగ్లీషు మీద ఫ్రెంచి యాసే వినిపించింది. 1944లో ‘టు హావ్ అండ్ హావ్ నాట్’లో, రిక్‌గా వేసిన బోగార్ట్ పక్కనే మళ్ళీ, హోటల్ యజమానిగా వేస్తే, ఆ పాత్రను అందరూ పిలిచే పేరే ఫ్రెంచీ. అదే సంవత్సరం ఆగస్టులో విడుదలైన ‘విల్సన్’ చిత్రంలో ఆయన జార్జ్ క్లెమాంసో, మొదటి ప్రపంచ యుద్ధం గెలిపించిన ఫ్రాన్స్ ప్రధానమంత్రి. అంతకుముందు, 1898లో, డ్రైఫస్ కోసం నవలాకారుడు ఎమిల్ జోలా రాసిన బహిరంగ లేఖను తన పత్రికలో అచ్చువేసినవాడు కూడా ఆ క్లెమాంసోయే. యూదుడి నమూనా అంటూ గోడల మీద అంటించిన ముఖాన్ని ఇక్కడ ఫ్రాన్స్ ముఖంగా చూపించారు. ఆ ఆగస్టు 25న పారిస్‌కు విముక్తి దొరికింది. ఏ ప్రణాళికా లేకుండా జరిగిన ఈ న్యాయం ముందు కథకుల కల్పన దిగదుడుపే.

యుద్ధం తరువాత ఆయన పారిస్ తిరిగి వెళ్ళారు. కానీ రెన్వా అమెరికాలో స్థిరపడ్డారు, ఆ జోడీ మళ్ళీ కుదరలేదు. 1947లో రెనే క్లెమాఁ తీసిన ‘లె మోదీ’లో దక్షిణ అమెరికాలో ఉండే నాజీల మనిషిగా వేశారు. మరుసటి ఏడాది మరో సినిమాలో ఆంట్‌వెర్ప్ రేవులో ఆడవాళ్ళను అమ్ముకునేవాడు. ఫ్రాన్స్ మళ్ళీ పాత ఆంప్లొవాలోకే తోసింది. అప్పటి నుంచి రెండు తీరాల మధ్య రాకపోకలే. అమెరికన్ నిర్మాతలకు పారిస్ నేపథ్యం మీద మోజు పెరిగిన కాలమది. మార్లిన్ మన్రో సినిమాలో పారిస్ కోర్టు న్యాయమూర్తి కావాలా, డాలియో. ‘సబ్రీనా’లో వంట నేర్చుకోవడానికి వచ్చిన ముసలి బారన్ కావాలా, డాలియో. పొయ్యి వెలిగించడం మరిచిపోయి సూఫ్లే అనే గుడ్ల వంటకాన్ని పాడుచేసుకున్న ఆడ్రీ హెప్‌బర్న్‌కు ఆ బారన్ రోగనిర్ణయం చేస్తాడు: ప్రేమలో సుఖంగా ఉన్న అమ్మాయి సూఫ్లేను మాడుస్తుంది, ప్రేమలో దుఃఖపడే అమ్మాయి పొయ్యి వెలిగించడం మరిచిపోతుంది. సినిమా పారిస్ ముచ్చటను రెండు వాక్యాల్లో కట్టి ఇచ్చే ఇలాంటి పనికి ఆయన కన్నా నమ్మకమైన మనిషి దొరకడు.

టెలివిజన్ కథ చిన్నది, కానీ నాకు ఇందులో అన్నిటికన్నా ఇష్టమైనది అదే. 1955లో వార్నర్ సంస్థ తన పాత హిట్ సినిమాలను సీరియళ్ళుగా మార్చి అమెరికన్ ఏబీసీ చానెల్‌లో ఒకదాని తరువాత ఒకటి తిప్పుతూ వేసింది. వాటిలో ‘కాసాబ్లాంకా’ ఒకటి. కథను ప్రచ్ఛన్న యుద్ధ కాలానికి జరిపారు. రిక్‌గా ఛార్లెస్ మెక్‌గ్రా. సినిమాలో ద్వారపాలకుడిగా నిలబడ్డ డాన్ సేమర్‌కు ఈసారి బ్లాక్ మార్కెట్ దొర ఫెరారీ వేషం దక్కింది. పోలీసు కెప్టెన్ రెనో ఎవరు? మార్సెల్ డాలియో. పదమూడేళ్ళ ముందు నోట్ల కట్ట అందించిన చెయ్యి ఇప్పుడు అందుకునే చెయ్యి. సీరియల్ ఆడలేదు, పది భాగాలతో ఆగిపోయింది. ఆడి ఉంటే ఆయన వృద్ధాప్యం కాస్త కుదురుగా గడిచేదేమో. క్యారెక్టర్ నటుడికి సినిమా ఎప్పుడూ దినకూలీ లాంటిదే. ఏళ్ళ తరబడి నడిచే సీరియల్ ఒక్కటే నెలజీతం.

అరవైలలో వేషాలు ఇంకా చిన్నవయ్యాయి, దర్శకుల పేర్లు మాత్రం పెద్దవే. జాన్ ఫోర్డ్ ‘డొనోవన్స్ రీఫ్’లో పైకప్పు కారే చర్చికి ఫాదరీ. విలియం వైలర్ చిత్రంలో కళాఖండాలు కొనే సెన్యోర్. 1970లో మైక్ నికోల్స్ తీసిన ‘క్యాచ్-22’లో రోమ్ నగరపు వేశ్యావాటికలో కూర్చున్న ముసలాయన. గెలిచే దేశాలు పోతాయి, ఓడిపోవడంలో ఆరితేరిన ఇటలీ మిగులుతుంది, జర్మన్లు వచ్చినప్పుడు వాళ్ళతో ఉన్నాను, ఇప్పుడు మీతో ఉన్నాను అని ఒక అమెరికన్ కుర్రాడికి ఉపదేశిస్తాడు ఆ ముసలాయన. ఆ తర్కం వింటూ ఆ ముఖం చూస్తుంటే నవ్వు గొంతులో ఇరుక్కుంటుంది. 1975లో మరో సినిమాలో చక్రాల కుర్చీకి పరిమితమైన ముసలి ప్రభువు. ఆ ఊపిరాడని కోటలో లా షెనే నీడ కనిపిస్తుందని చెప్పడం కాస్త అతి అవుతుంది గాని, చెప్పాలనిపిస్తుంది. 1976లో ఆత్మకథ వెలువడింది, 1983 నవంబరులో పారిస్‌లో కన్నుమూశారు.

ఫ్రాన్స్‌లో ఈ రోజుకీ పిల్లలు కూడా ఆయన్ని గుర్తుపట్టేది మాత్రం 1973 నాటి ‘రబ్బీ జాకోబ్ సాహసాలు’ అనే హాస్యచిత్రం వల్ల. రబ్బీ అంటే యూదు మతగురువు. 70 లక్షలకు పైగా టికెట్లు అమ్ముడుపోయిన సినిమా. పరాయివాళ్ళంటే, అందులోనూ యూదులంటే ముఖం చిట్లించే ఒక పారిశ్రామికవేత్త, విధి వక్రించి రబ్బీ వేషం వేసుకుని తిరగాల్సి వస్తుంది. ఆ పాత్ర వేసిన లూయి ద ఫ్యునెస్‌దే సినిమా అంతా. అయినా పేరులో ఉన్న రబ్బీ జాకోబ్ ఆయన కాదు. అసలు రబ్బీ డాలియో. డెబ్భై మూడేళ్ళ వయసులో, పట్టుమని కొన్ని నిమిషాలు కనిపించే టైటిల్ పాత్ర. జనమంతా నకిలీ రబ్బీకి నీరాజనాలు పడుతుంటే అసలాయన విమానాశ్రయంలో దిక్కులు చూస్తుంటారు.

సినిమా మొదలయ్యేది పారిస్‌లో కాదు, న్యూయార్క్‌లో. అమెరికాలో స్థిరపడ్డ రబ్బీ జాకోబ్ ముప్ఫై ఏళ్ళ తరువాత తొలిసారి పుట్టిన గడ్డ ఫ్రాన్స్‌కు బయల్దేరుతుంటారు. వీధి వీధంతా సాగనంపడానికి వస్తుంది, అందరూ చేతులూపుతారు. గడ్డం సవరించుకుంటూ, అందరికీ తలూపుతూ ఆయన టాక్సీ ఎక్కుతారు. బండి కదులుతుంది, సంగీతం అందుకుంటుంది, న్యూయార్క్ వీధుల మీద టైటిల్స్ పడడం మొదలవుతుంది.